మా ఇంటి వాకిళ్ళు, బందులు, తిరుపులు

చింతామణి తాలూకాలోని మా పల్లె ఇంటికి మూడు వయసులు ఉన్నాయి. వీధి వైపు పాత భాగం మట్టి గోడలది, ముత్తాత కట్టించింది. దాని వెనక ఇటుక, గారతో కట్టిన రెండు గదులు తాత 1950ల్లో వేసినవి. పెరటి వైపు సిమెంటు దిమ్మెల గదీ, స్నానాల గదీ నాయన 1990ల్లో వేయించినవి. మా పెద్దలు కదిరి వైపు నుంచి వచ్చినారని ఇంట్లో చెప్పుకుంటారు గానీ, ఆ రాకకు కాగితం ఏదీ లేదు. మాకున్న కాగితం ఈ మూడు రకాల గోడలే.

ఈ ఏడు పైకప్పు మరమ్మతు మొదలుపెట్టినప్పటి నుంచి దాయాదులందరిదీ ఒకటే ప్రశ్న. ఏ బందులు కొనాల, ఏ స్క్రూలు కొనాల, గోడకు అర ఎట్ల బిగించాల? అంగట్లో అడిగితే ఒక జవాబు వస్తుంది, వడ్రంగిని అడిగితే ఇంకొకటి. కాంట్రాక్టరును అడిగితే ఆయన గోడౌనులో మిగిలిన సరుకు ఏదో అదే జవాబు. అందుకని మేము ఇంటినే అడిగి చూసినాము. ఏ గోడలో ఏముంది, అది ఎప్పుడు వచ్చింది, ఎందుకు నిలిచింది, ఏది ఊడింది. ఇది రాసుకోవడానికి ఇంకో కారణమూ ఉంది. అది పెద్దవాకిలి సంగతి.

మా వైపు తలుపును వాకిలి అంటాము. పెద్దవాకిలికి రెండు రెక్కలు. ఆ రెండు రెక్కలకీ కలిపి ఒక్క బందు గానీ, ఒక్క స్క్రూ గానీ లేదు. రెక్క అంచు పలకనే పైనా కిందా గుండ్రంగా చెక్కి, బొటనవేలంత పొడుగు వదిలినారు. కింది మొన గడప వెనక రాతిలో తొలిచిన గుంటలో కూర్చుంటుంది. పై మొన ద్వారబంధం వెనక అడ్డంగా పెట్టిన కొయ్యలోని రంధ్రంలోకి దూరుతుంది. అంతే. అరక్కుండా, అరవకుండా ఏడాదికి రెండు మూడు సార్లు ఆముదం చుక్కలు వేస్తే చాలు. ఆముదం మరిచిపోతే వీధి చివరిదాకా వినిపించేటట్టు కిర్రుమంటుంది. అది దొంగలకు మంచిదే కదా అని అవ్వ నవ్వుతుంది.

పని చూడడానికి వచ్చిన కాంట్రాక్టరు ఆ మొనలు కోసేసి, రెక్కకు మూడేసి చొప్పున నాలుగు అంగుళాల బందులు బిగిద్దామన్నాడు. "పాత కాలంలో వాళ్ళకు ఇంజీసులు తెలీక ఇట్ల చేసినారు సార్" అన్నాడు. ఈ మాట మాకు నచ్చలేదు. నచ్చకపోతే చాలదు కాబట్టి లెక్క వేసినాము.

ఒక రెక్కను ఎత్తి, ధాన్యం తూచే కాటా మీద పెడితే 48 కిలోలు తూగింది. వెడల్పు 60 సెంటీమీటర్లు. బందులు బిగిస్తే పై బందుకూ కింది బందుకూ నడుమ 120 సెంటీమీటర్ల దూరం వస్తుంది. రెక్క బరువు దాని నడుమన, అంటే అంచు నుంచి 30 సెంటీమీటర్ల దూరంలో వేలాడుతుంది. 48ని 30తో గుణించి 120తో భాగిస్తే 12. పై బందు స్క్రూలను ద్వారబంధం నుంచి బయటికి లాగే బలం, పగలూ రాత్రీ, 12 కిలోలు. 30 కిలోల పిల్లవాడు రెక్క కొసను పట్టుకొని ఊగితే ఇంకో 15 కిలోలు కలుస్తుంది. మా ఇంట్లో ఊగని పిల్లవాడు పుట్టలేదు.

ఇప్పుడున్న పద్ధతిలో రెక్క బరువంతా కింది రాయి మోస్తుంది. పై మొన మీద అడ్డంగా కొంత బలం పడకపోదు. కానీ మొనల మధ్య దూరం 180 సెంటీమీటర్లు కాబట్టి అది 8 కిలోలే. ఆ 8 కిలోలు కూడా రంధ్రం అంచును ఒరుసుకుంటాయే తప్ప దేన్నీ పీకవు. ద్వారబంధం నిలువు కొయ్యలకు ఒక వైపు చెదలు తిని గుల్ల చేసింది. ఆ గుల్ల కొయ్యలో స్క్రూ మరలకు పట్టు ఎక్కడిది? కాబట్టి ముత్తాత కాలపు ఆచారికి బందులు తెలుసా తెలియదా అన్నది వేరే మాట. మట్టి గోడలో నిలిపిన ద్వారబంధానికి ఏది తగునో అది ఆయనకు తెలుసు.

అరిగిన కింది మొనకు మందు ఊళ్ళోనే దొరికింది. రోకలికి వేసే పొన్ను లాంటిదే ఇనుముతో చేయించి, కాల్చి, వేడి మీద మొనకు ఎక్కించి, నీళ్ళు పోసి బిగుసుకునేటట్టు చేసినాము. గుంట అడుగున చిన్న ఇనుప బిళ్ళ వేసినాము. ఇప్పుడు అవ్వ చూపుడువేలితో తోసినా తెరుచుకుంటుంది.

ఈ పద్ధతికి ఒక లోటు ఉంది, అది చెప్పక తప్పదు. బందులు లేని రెక్కను ఏ పనిముట్టూ లేకుండా లోపలి నుంచి ఇద్దరు మనుషులు ఎత్తి తీసేయవచ్చు. బెంగళూరులో హోటళ్ళకూ కొత్త బంగళాలకూ పాత వాకిళ్ళు అమ్మే వ్యాపారం నడుస్తా ఉంది. అట్లాంటి బేరగాడు ఒకడు మా పల్లెకూ వచ్చినాడు. భాగాలు పంచుకున్నాక వీధి భాగం ఒక చిన్నాయన వాటాకు వచ్చింది. తలుపు అనేది సామాను గదా, ఇల్లు కాదు గదా అని వాదం లేచింది. దీనికి చట్టం ఎప్పుడో జవాబు చెప్పింది. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం 8వ సెక్షన్‌లో, ఇల్లు చేతులు మారినప్పుడు దానితో పాటే పోయేవాటిలో తాళాలు, తాళంచెవులు, గడియలు, తలుపులు, కిటికీలు అని పేరుపేరునా ఉంది. స్క్రూతో బిగించినారా, ఊరికే నిలబెట్టినారా అని అది అడగదు. శాశ్వతంగా ఆ ఇంటి వాడుక కోసం పెట్టిందా అన్నదే లెక్క. చిన్నాయన అమ్మాలంటే ఇంటినే అమ్మాల. వాకిలిని ఒక్కదాన్ని పీకి పంపడం ఇంటిని కొంచెం కొంచెంగా అమ్మడమే. ఆ మాట ఆయనకూ అర్థమైంది. బేరం ఆగింది. ఆగిందని రాస్తున్నాము, ముగిసిందని కాదు.

పాత భాగంలో ఇనుము ఎంత తక్కువో చూస్తే ఆశ్చర్యంగా ఉంటుంది. గొళ్ళెం, గడియ, దూలానికి ఉయ్యాల కడియాలు రెండు, అంతే. ఇనుము తెలియని దేశం కాదు మనది. 1800-01లో మైసూరు రాజ్యమంతా తిరిగిన ఫ్రాన్సిస్ బుకానన్ తన పుస్తకంలో మాగడి, మధుగిరి వైపుల ఇనుము కరిగించే పద్ధతిని వివరంగా రాసినాడు. వాగుల్లో కడిగి తీసిన నల్ల ఇసుక, కట్టెబొగ్గు, తోలు తిత్తులు, రోజంతా చాకిరీ చేస్తే చిన్న ముద్ద. ఆ ముద్దను మళ్ళీ కాల్చి, కొట్టి, ఒక్కొక్క మేకూ చేత్తో సాగదీయాల. అంత శ్రమ దాగిన వస్తువును ఎవరూ ఇష్టం వచ్చినట్టు గోడకు కొట్టరు. కొయ్యకు కొయ్యే చీలగా వాడుకున్నారు. 1923లో భద్రావతిలో మైసూరు ఇనుప కార్ఖానా మొదలైనప్పుడు కూడా కొలిమికి వాడింది కట్టెబొగ్గే. ఆ కార్ఖానాను నిలబెట్టిన విశ్వేశ్వరయ్య పుట్టింది మాకు దగ్గరలోని ముద్దేనహళ్ళిలో. ఇంటిపేరు మోక్షగుండం. ఆ పేరున్న ఊరు గిద్దలూరు వైపు ఉంది. మా లాగే, అటు నుంచి ఇటు వచ్చిన కుటుంబం.

మరి మట్టి గోడకు ఏదైనా తగిలించాలంటే? గోడ కట్టేటప్పుడే అడగాల. దీపానికి గూడు, పుస్తకాలకు గూడు, ధాన్యానికి అటక, బట్టలకు చిలకకొయ్య. చిలకకొయ్య గోడ బయట జానెడే కనిపిస్తుంది, లోపల మూరెడు ఉంటుంది. గోడ లేపుతున్నప్పుడే దాన్ని పెట్టి, పైన మట్టి వరసలు వేసుకుంటూ పోయినారు. దాన్ని పట్టుకున్నది మేకు కాదు, పైనున్న గోడ బరువు. ఇక్కడ ఒక మాట. కన్నడంలో చిలక అంటే గడియ. మేము బడిలో చదివింది కన్నడం. ఇంట్లో తెలుగు చిలక పక్షి, గోడకు చిలకకొయ్య, బడి తలుపుకు చిలక. మూడూ ఒకటే అనుకొని చాలా కాలం పెరిగినాము. కొయ్య కొసను చిలక ముక్కు లాగ చెక్కి ఉంటే అట్ల కాక ఇంకెట్ల అనుకుంటారు?

స్క్రూ సంగతీ అంతే. ఏడో తరగతి పాఠంలో సరళ యంత్రాల వరసలో తిరుపు అని చదివినాము. వాలుపలకను కడ్డీ చుట్టూ చుడితే తిరుపు. దాన్ని బిగించే పనిముట్టుకు కన్నడంలో తిరుపుళి అని చక్కటి పేరు ఉంది. తిప్పే ఉలి అన్నమాట. తెలుగులో మర అంటారు, మరమేకు అంటారు. ఊళ్ళో అందరూ స్క్రూ అనే అంటారు, మేమూ అదే అంటాము.

ఈ స్క్రూ మన దగ్గరికి దూరం నుంచి వచ్చింది. ఐరోపాలో కూడా మొదట్లో ఒక్కొక్క మరనూ ఆకురాయితో చేత్తో రాకేవాళ్ళు. అందుకే అది తుపాకులకూ గడియారాలకూ వాడే ఖరీదు వస్తువు. 1760లో ఇంగ్లండులోని స్టాఫర్డ్‌షైరుకు చెందిన జాబ్ వయట్, విలియం వయట్ అనే అన్నదమ్ములు చెక్క స్క్రూల మరలు కోసే యంత్రానికి పేటెంటు తీసుకున్నారు. 1775లో ఐజన్, వైట్‌హర్స్ట్ అనేవాళ్ళు పోత ఇనుముతో మడతబందులు చేసే పద్ధతికి పేటెంటు తీసుకున్నారు. ఈ రెండూ దగ్గర దగ్గరగా రావడం కాకతాళీయం అనుకోలేము. పోత బందు పెళుసు. కమ్మరి చేసిన పొడుగు పట్టీబందు లాగ మేకులు కొట్టి వంచితే పగిలిపోతుంది. దానికి స్క్రూ కావాల. చవకైన స్క్రూ వచ్చినాకే చవకైన బందు ఇల్లిల్లూ తిరిగింది.

అప్పటికీ స్క్రూ మొన మొండిదే. ముందు సరైన లోతుకు రంధ్రం తొలిస్తే తప్ప దిగేది కాదు. సూది మొన స్క్రూకు అమెరికాలో 1846లో థామస్ స్లోన్ పేటెంటు పొందినాడు. ఆ అమెరికా యంత్రాల హక్కు కొని, 1854లో బర్మింగ్‌హాం పక్కన స్మెథిక్‌లో పెద్ద కార్ఖానా పెట్టింది నెటిల్‌ఫోల్డ్. పెట్టుబడిలో భాగం పంచుకున్నది ఆయన బావమరిది చేంబర్లేన్. ఆ చేంబర్లేన్ కొడుకు స్క్రూల వ్యాపారంలో సంపాదించి, తరవాత రాజకీయాల్లోకి వెళ్ళి బ్రిటిష్ వలసల మంత్రి అయినాడు. మనుమడు ప్రధానమంత్రి కూడా అయినాడు. నెటిల్‌ఫోల్డ్ పేరు మన దేశంలో గెస్ట్ కీన్ విలియమ్స్ వాళ్ళ స్క్రూ పెట్టెల మీద చాలా ఏళ్ళు నిలిచింది. 1809లో బెంగళూరు కంటోన్మెంటు వెలిసిన తరవాత, అక్కడి బంగళాల టేకు తలుపుల నుంచి పేటకూ, పేట నుంచి పల్లెలకూ ఈ సరుకు నెమ్మదిగా దిగింది.

మా ఇంట్లో అది దిగింది తాత గదుల్లో. అక్కడ అన్నీ నాలుగు అంగుళాల ఇనుప బందులు, గీత తల స్క్రూలు. ఇప్పుడు నాలుగు తీసి చూసినాము. తలలు తుప్పు పట్టినా మరలు పదునుగా ఉన్నాయి. ఆ తలుపులు డెబ్బై ఏళ్ళు జారకుండా ఉండడానికి కారణం బందు కాదు, దాని వెనక ఉన్నది. అప్పటి ఆచారి ద్వారబంధాన్ని ఇటుక గోడలో దిగవేసిన ఇనుప చెవులతో పట్టించినాడు. స్క్రూకు ముందు సన్న రంధ్రం తొలిచి, మరలకు సబ్బు రాసి, చేత్తో తిప్పినాడు. ఒక్క కిటికీకి మాత్రం స్క్రూల చుట్టూ కొయ్య నల్లగా మారింది. అది తుమ్మ. తుమ్మలో ఉన్న వగరు ఇనుముతో కలిస్తే నలుపెక్కుతుంది. టేకుకూ తుమ్మకూ ఇత్తడి స్క్రూ గానీ, స్టీలు స్క్రూ గానీ మేలనడానికి ఇది మా ఇంట్లోని సాక్ష్యం. ఇత్తడిది మెత్తన కాబట్టి ముందు అదే కొలత ఇనుప స్క్రూతో దారి చేసి, తీసి, తరవాత ఇత్తడిది బిగిస్తే తల తెగదు.

ఇక గోడకు స్క్రూ బిగించడం అనే పని ఎప్పుడు పుట్టింది? మా లెక్కలో అది కరెంటుతో పుట్టింది. అంతవరకు గోడకు కావలసినవన్నీ గోడతో పాటే వచ్చేవి. గోడ కట్టినాక ఇంట్లోకి వచ్చిన మొదటి వస్తువు కరెంటు తీగ. శివనసముద్రం నుంచి 1902లో కోలారు బంగారు గనులకు విద్యుత్తు వచ్చింది. 1905లో బెంగళూరు వీధుల్లో దీపాలు వెలిగినాయి. మా తాలూకా అప్పట్లో కోలారు జిల్లాలోనే ఉన్నా, మా పల్లెకు ఆ తీగ రావడానికి ఇంకో అరవై ఏళ్ళ పైన పట్టింది. తీగ వస్తే దానికి చెక్క పట్టీ కావాల, పట్టీకి స్క్రూ కావాల, స్క్రూ ఇటుకలో నిలవదు. అందుకని ఉలితో గోడ తొలిచి, వెనక వెడల్పుగా ముందు సన్నగా చెక్కిన కొయ్య బిరడాను గారతో లోపల కూర్చోబెట్టి, ఆ బిరడాలోకి స్క్రూ తిప్పేవాళ్ళు. తాత గదుల్లో పాత స్విచ్చు బోర్డు తీస్తే అట్లాంటి టేకు బిరడాలు నాలుగు బయటపడ్డాయి. ఇప్పటికీ పట్టు సడలలేదు.

లండనులో ఇదే తలనొప్పి జాన్ రాలింగ్స్ అనే కాంట్రాక్టరుకు వచ్చింది. బ్రిటిష్ మ్యూజియంలో కరెంటు సామాను బిగించాల, గోడలు పెద్దగా పగలకూడదు. 1911లో ఆయన చేసింది రాల్‌ప్లగ్. జనపనారను జంతువుల రక్తంతో గట్టిపరిచి చేసిన చిన్న గొట్టం. సన్న రంధ్రంలో పెట్టి స్క్రూ తిప్పితే నార ఉబ్బి గోడను ఒత్తుకుంటుంది. ఆ నాటికి ప్రపంచపు జనపనార ముఖ్యంగా బెంగాల్‌దే. అంటే మన పొలాల నార లండను గోడలకు పట్టు అయింది. 1958లో జర్మనీలో ఆర్టర్ ఫిషర్ దాన్ని నైలానుతో చేసినాడు. చీలిన గొట్టం, పక్కకు పళ్ళు, తిరగకుండా రెండు రెక్కలు. ఆయన పేరు మీద 1,100కు పైగా పేటెంట్లు ఉన్నాయంటారు గానీ, బెంగళూరు ఎస్‌జేపీ రోడ్డు అంగళ్ళలో ఆయన ఇప్పుడు మనిషి కాదు, వస్తువు. "ఎనిమిదో సైజు ఫిషర్ యాభై" అంటే ఏ కంపెనీదైనా ఇస్తారు.

ఈ రెండు ప్లగ్గులూ పుట్టింది గట్టి ఇటుక కోసం, రాయి కోసం, కాంక్రీటు కోసం. ఇది మరిచిపోతే ఏమవుతుందో నాయన గదిలో చూసినాము. ఒక కాంట్రాక్టరు మనుషులు అక్కడ ఇత్తడి పాత్రల అరకు 10 మిల్లీమీటర్ల ఇనుప యాంకర్ బోల్టులు బిగించి పోయినారు. ఆ గోడ బోలు సిమెంటు దిమ్మెలది. దిమ్మె పై పెంకు మందం ఒక అంగుళం, కొంచెం అటూ ఇటూ. దాని వెనక గాలి. వ్యాకోచించే బోల్టు ఒత్తడానికి అక్కడ ఏమీ లేదు, పెంకును పగలగొట్టడం తప్ప. మూడో నెలలో ఒక రాత్రి బిందెలతో సహా అర మొత్తం కింద పడింది. పగటి పూట ఆ అర కిందనే అవ్వ పడుకుంటుంది. ఆ తరవాత ఆమె "గోడకు ఏమీ కొట్టద్దండప్పా" అని కొన్నాళ్ళు ఎవరినీ డ్రిల్లు తీయనియ్యలేదు.

కాబట్టి మా ఇంటి గోడల వరసన ఇది. దాయాదులు ఎవరి వాటా వాళ్ళు చూసుకోవచ్చు.

మట్టి గోడకు ఏ ప్లగ్గూ వద్దు. ప్లగ్గు ఉబ్బితే మట్టి పొడి అవుతుంది, అంతే. అర కావాలంటే నేల మీద నిలబడేది చేయించండి. లేదా దూలం నుంచి వేలాడదీయండి. తప్పదంటే గోడను ఈ వైపు నుంచి ఆ వైపుకు తొలిచి, పొడుగు బోల్టు వేసి, రెండు వైపులా వెడల్పాటి చెక్క పలకతో బిగించండి. అప్పుడు గోడ ఆ పట్టీల మధ్య నలగకుండా బరువు పంచుకుంటుంది. పైన సిమెంటు పూత పూసిన మట్టి గోడ ఇంకా మోసం. తట్టితే గట్టిగానే పలుకుతుంది, డ్రిల్లు అంగుళం పోయినాక వెన్నలో దిగినట్టు దిగుతుంది. ముందు సన్న డ్రిల్లు వేసి, బయటికి వచ్చే పొడి రంగు చూడండి. బూడిద రంగు పోయి మట్టి రంగు వస్తే అక్కడే ఆగండి.

ఇటుక గోడ అన్నిటికంటే మర్యాదస్థురాలు. నైలాను ప్లగ్గు బాగా పడుతుంది. ఇటుక నడుమన తొలచాల, గార అతుకులో కాదు. పాత గార మెత్తన. పూత మందం పోను ప్లగ్గు మొత్తం ఇటుకలోనే ఉండేటంత పొడుగు స్క్రూ తీసుకోవాల. పూత సాధారణంగా 12 నుంచి 15 మిల్లీమీటర్లు. గోడ పట్టు లెక్కలోకి పూతను చేర్చకూడదు. చాలామంది చేసే పొదుపు ఇక్కడే, ఊడేదీ ఇక్కడే. పెరట్లో రాతి చప్పటాల గోడ ఉందే, అది గట్టిదే గానీ అంచు దగ్గర తొలిస్తే బిళ్ళలుగా లేస్తుంది. అంచు నుంచి జానెడు లోపలికి పోండి.

బోలు దిమ్మెకు వెనక రెక్కలు విప్పుకునే టాగుల్ బోల్టు గానీ, జాలీ గొట్టం పెట్టి రసాయన గమ్ము నింపే పద్ధతి గానీ వాడాల. అర బరువైతే, దిమ్మెల మధ్య కాంక్రీటు పట్టీ ఎక్కడుందో వెతికి అక్కడ యాంకరు వేయండి. మేము పాత్రల అరను ఈసారి కిటికీ పైనున్న కాంక్రీటు లింటలుకు తగిలించినాము. బెంగళూరు ఫ్లాట్లలో ఉన్న పిల్లలకు ఒక మాట. మీ గోడలు తెల్లటి తేలిక దిమ్మెలైతే డ్రిల్లు సుత్తి మోడులో పెట్టద్దు, ఊరికే తిప్పండి. ఆ దిమ్మె కోసం చేసిన పొడుగు ప్లగ్గులు వేరే దొరుకుతాయి.

ఏది బిగించినా దాని మీద మూడింతల బరువు ఇసుక మూటలు ఒక రాత్రంతా వేలాడదీసి చూసినాకే సామాను పెట్టినాము. ఉద్యోగంలో మేము చేసేది పరీక్షే. విడుదలకు ముందు పగలాల, తరవాత కాదు.

బందుల గురించి ఎక్కువ చెప్పేది లేదు. ఏడు అడుగుల తలుపుకు నాలుగు అంగుళాల బందులు మూడు. మూడోది నడుమ పెడితే తలుపు వంకర పోకుండా ఆపుతుంది. పైదానికి దగ్గరగా పెడితే లాగే బలాన్ని పంచుకుంటుంది. బరువైన తలుపుకు రెండోదే మేలు. స్టీలులో 304 రకం అడగండి. అయస్కాంతం అతుక్కోలేదు కాబట్టి మంచిదే అని అంగడివాడు చూపిస్తే నమ్మద్దు. 202 రకానికీ అది సరిగా అతుక్కోదు. స్నానాల గదిలో రెండేళ్ళకు తేడా దానంతట అదే తెలుస్తుంది. బందుకు ఎనిమిదో నంబరు స్క్రూ చాలు. అది నాలుగు మిల్లీమీటర్ల పైచిలుకు లావు. వడ్రంగులు ఇప్పుడు అన్నిటికీ నల్ల స్క్రూలు వాడేస్తున్నారు. డబ్బాలో అవే ఉంటాయి, మిషనుకు చకచకా దిగుతాయి. అవి జిప్సం పలకల కోసం చేసినవి. పెళుసు. బరువు అడ్డంగా పడితే తల తెగుతుంది, తడికి తుప్పు పడుతుంది. తలుపు బందుకు అవి వద్దు. వంటింటి అల్మారాలకు 35 మిల్లీమీటర్ల గుంటలో కూర్చునే బందులే వస్తాయి. వాటి స్క్రూలను పొట్టు పలకలో ఒకసారి ఊడదీసి మళ్ళీ బిగిస్తే పట్టు తగ్గుతుంది. కాబట్టి ఎత్తు సర్దుకోవడమంతా బందు మీదున్న సర్దుబాటు స్క్రూతోనే చేసుకోండి.

మట్టి భాగంలో చిలకకొయ్యలు మూడు మిగిలినాయి. ఒకటి పడసాలలో, రెండు లోపలి గదిలో. సున్నం వేసేవాళ్ళకు వాటిని కోయద్దని చెప్పినాము. ఒక్కోదానికి సంచీనో చొక్కానో తగిలించుకోవచ్చు. లోపలి గదిలో ఎడమదానికి చెదలు తగిలినట్టుంది, వేప నూనె పూసినాము. సంక్రాంతికి ఇంకోసారి చూడాల.